ఇంట్లో మెక్సికన్ రీఫ్రైడ్ బీన్స్: జొన్నరొట్టెలోకి కుదిరేలా ఎట్లా చేయాలి?

జడ్చర్ల_తమ్ముడు

అందరికీ నమస్తే. మాది జడ్చర్ల. పోలేపల్లి దిక్కు కంపెనీలో షిఫ్ట్ డ్యూటీ చేస్తాను. హైదరాబాద్‌లో దోస్తు రూముకి పోయినప్పుడు వాడు బురిటో (పలచటి రొట్టెలో చుట్టి ఇచ్చే మెక్సికన్ తిండి) తెప్పిస్తుంటాడు. అందులో అన్నం, క్యాప్సికం, చీజ్ అన్నీ ఉంటాయి గానీ నాకు మాత్రం లోపల పట్టించి ఉండే ఆ మెత్తటి బీన్స్ ముద్ద మీదే మనసు. రీఫ్రైడ్ బీన్స్ అంటారట. కమ్మగా, ఉప్పుప్పగా, పొగ వాసన తగిలీ తగలనట్టు ఉంటుంది. వేడి వేడి జొన్నరొట్టెలోకి ఇది ఇంకా బాగుంటుందని నా నమ్మకం.

ఇంట్లో చేద్దామని బాదేపల్లిలో కిరాణా దుకాణానికి పోతే ఎర్ర రాజ్మా, మచ్చలుండే చిత్రా రాజ్మా రెండే ఉన్నాయి. ఈ వంటకు వాడే పింటో బీన్స్ అన్న పేరు ఆయన విననే లేదు. చిత్రా రాజ్మా పావుకిలో తెచ్చి, రాత్రంతా నానబెట్టి కుక్కర్‌లో పెట్టాను. విజిల్స్ వస్తూనే ఉన్నాయి. మూత తీసి చూస్తే గింజ పైకి ఉడికినట్టే ఉంది, వేలితో నొక్కితే నడుమ పలుకు. పొట్టు విడిపోయి నీళ్ల మీద తేలుతోంది. పప్పుగుత్తితో ఎంత మెదిపినా ఇసుక ఇసుకగానే ఉంది. సరే కానియ్యి అని నూనెలో వేసి గోలిస్తే కాసేపటికే పిండిముద్దయి కూర్చుంది. చల్లారాక చాకుతో కోయొచ్చు, అంత గట్టిపడింది. "ఉడకబెట్టిన పప్పును మళ్లీ నూనెలో గోలించేదేంది బిడ్డా" అని మా అమ్మ పొయ్యి పక్కన నిలబడి ఒకటే అడుగుడు.

నాకు తెలియాల్సినవి ఇవి. మా ఇంట్లో వంటకు వాడేది బోరు నీళ్లు, దానివల్లనే ఉడకట్లేదా? అసలు ఏ గింజ తీసుకోవాలి? వీడియోల్లో అందరూ పంది కొవ్వు వేస్తున్నారు, మా ఇంట్లో అది పొయ్యి మీదికి రాదు, బదులు ఏం వేస్తే ఆ కమ్మదనం వస్తుంది? మా దిక్కు దొరికే బొబ్బర్లు, అనుములతో చేస్తే కుదురుతుందా? ఓపికగా ఎవరైనా చెప్తే అమ్మకు కూడా చదివి వినిపిస్తాను.

నల్లగొండ_వంటిల్లు

తమ్ముడూ, నువ్వు పడ్డ ఇబ్బందిలో ముప్పావు వంతు నీళ్లదే. చేతిది కాదు.

మేము చాలా ఏళ్లు హ్యూస్టన్‌లో ఉండి, మామయ్య ఆరోగ్యం బాగలేక నల్లగొండకు తిరిగొచ్చాం. అక్కడ మా పక్కింటావిడది మోంతెర్రే, అంటే మెక్సికో దేశంలో ఉత్తరాన ఉండే ఊరు. ఆవిడ పొయ్యి మీద బీన్స్ సర్వ లేని రోజు నేను చూడలేదు. మొదటి రోజు వాటిని రసంతో సహా గిన్నెల్లో పోసుకుని తాగినట్టు తినేవాళ్లు. మిగిలింది రెండో రోజు మూకుట్లో పడేది. నువ్వు అడిగే వంట అదే. నేను నేర్చుకున్నదంతా ఆవిడ పక్కన నిలబడి చూసిందే.

ముందు నీళ్ల సంగతి. మన బోరు నీళ్లల్లో కాల్షియం, మెగ్నీషియం ఎక్కువ. గింజలో ఒక కణాన్ని ఇంకో కణంతో పట్టి ఉంచే జిగురును పెక్టిన్ అంటారు. గింజ మెత్తబడడమంటే ఆ జిగురు కరగడమే. కాల్షియం పోయి దాన్ని బిగించేస్తుంది. ఇక నువ్వు ఎంతసేపు ఉడికించినా కణాలు విడిపోవు, అందుకే మెదిపినా నాలుకకు ఇసుక తగులుతుంది. మా అత్తమ్మకు ఈ పెక్టిన్ గొడవ తెలియదు గానీ, కందిపప్పుకు మాత్రం బోరు నీళ్లు ముట్టదు. నల్లా నీళ్లు పట్టి విడిగా బిందెలో పెట్టుకుంటుంది. నువ్వు కూడా భగీరథ నల్లా నీళ్లు గానీ, 20 లీటర్ల క్యాన్‌లో వచ్చే ఫిల్టర్ నీళ్లు గానీ వాడు. నానబెట్టడానికీ అవే, ఉడికించడానికీ అవే. నానబెట్టేది బోరు నీళ్లల్లో, ఉడికించేది ఫిల్టర్ నీళ్లల్లో అంటే సగం పని చెడిపోయినట్టే, ఎందుకంటే గింజ పీల్చుకునే నీళ్లల్లో ఎక్కువ భాగం నానేటప్పుడే లోపలికి పోతుంది.

మా జిల్లావాళ్లు చదువుతుంటారు కాబట్టి ఒక మాట. గింజ ఉడక్కపోవడానికి కారణం నీళ్ల కఠినత్వం, ఫ్లోరైడ్ కాదు. అవి రెండూ వేర్వేరు. అయితే ఫ్లోరైడ్ ఉన్న బోరు నీళ్లను ఎక్కువసేపు మరిగిస్తే అది పోదు, నీళ్లు ఇగిరేకొద్దీ ఇంకా చిక్కబడుతుంది. బీన్స్ లాంటివి గంటల తరబడి ఉడికించి రసంతో సహా తింటాం కాబట్టి ఆ లెక్కన కూడా బోరు నీళ్లు వద్దు. పటిక, సున్నం వేసి ఫ్లోరైడ్ తీసే పద్ధతిని నాగపూర్‌లోని నీరీ సంస్థ తయారుచేసి మా ఊరి పేరే పెట్టింది, ప్రపంచమంతా దాన్ని నల్గొండ టెక్నిక్ అంటుంది. ఇంత జరిగిన ఊళ్లో ఉంటూ వంట నీళ్లను తేలిగ్గా తీసుకోవడం నాకు మనసొప్పదు.

రెండోది గింజ వయసు. వేడికీ తేమకూ నెలల తరబడి బస్తాలో మగ్గిన రాజ్మా ఏ నీళ్లల్లోనూ సరిగ్గా ఉడకదు. బాగా అమ్ముడుపోయే దుకాణంలో కొను. పైపొర మెరుస్తూ ఉండాలి, చేతిలో పోసుకుంటే దుమ్ము రాలొద్దు. నానిన తర్వాత ఉబ్బకుండా రాయిలా మిగిలిన గింజలుంటాయి చూడు, వాటిని ఏరి పారెయ్. అవి కుక్కర్‌లో కూడా లొంగవు.

నానబెట్టే నీళ్లల్లో ఉప్పు వెయ్యి. ఉప్పు వేస్తే గింజ ఉడకదని మన దగ్గర గట్టి నమ్మకం, నిజానికి జరిగేది తిరగబడి ఉంటుంది. లీటరు నీళ్లకు ఒక పెద్ద చెంచాడు ఉప్పు కలిపి 8 నుంచి 12 గంటలు నానబెడితే, ఉప్పులోని సోడియం పోయి పొట్టులో ఉన్న కాల్షియం స్థానంలో కూర్చుంటుంది. పొట్టు మెత్తబడి గింజతోపాటే మెదుగుతుంది, విడిగా తేలదు. ఎండాకాలమైతే గిన్నెను ఫ్రిజ్‌లో పెట్టు, లేకపోతే పొద్దునకల్లా నురగ కడుతుంది. తర్వాత ఆ నీళ్లు పారబోసి బాగా కడుగు. ఉడకనివ్వనిది ఉప్పు కాదు, పులుపు. టమాట, చింతపండు, నిమ్మరసం ఇవన్నీ గింజ పూర్తిగా మెత్తబడే దాకా దగ్గరికి రానీయొద్దు.

మంచి నీళ్లు దొరకనే లేదనుకో, పావుకిలో గింజకు పావు చిన్న చెంచా వంటసోడా వెయ్యి. అంతకు మించొద్దు, సబ్బు రుచి వస్తుంది.

గింజ విషయానికొస్తే నువ్వు తెచ్చిన చిత్రా రాజ్మానే సరైనది. చిత్రా, ఎర్ర రాజ్మా, పింటో, మెక్సికోవాళ్ల నల్ల బీన్స్, అన్నీ ఒకే జాతి మొక్కకు కాసే రకాలు. ఉత్తర మెక్సికోలో పింటోతో చేస్తారు. వెరాక్రూజ్, వహాకా, యుకటాన్ వైపు నల్ల బీన్స్. హలీస్కో దిక్కు లేత పసుపు రంగు గింజ ఒకటుంది, వెన్నలా ఉంటుంది. కాబట్టి ఫలానా గింజే ఉండాలన్న నియమం వాళ్ల దేశంలోనే లేదు. చిత్రా పొట్టు పలచన, లోపల పిండి ఎక్కువ. ఎర్ర రాజ్మా పొట్టు మందం, దాంతో కూడా అవుతుంది గానీ జల్లెడ పట్టాల్సి వస్తుంది.

ఇక వండేది. పావుకిలో గింజ నానితే రెట్టింపు బరువు దాటుతుంది. కొత్త ఫిల్టర్ నీళ్లు గింజ పైన రెండంగుళాలు వచ్చేదాకా పోసి, సగం ఉల్లిగడ్డ కోయకుండా అట్లాగే, నాలుగు ఎల్లిగడ్డ రెబ్బలు వెయ్యి. ముందు మూత పెట్టకుండా కళపెళ మరగనిచ్చి పైకొచ్చే నురగ తీసెయ్. అప్పుడు మూత పెట్టి, మొదటి విజిల్ వచ్చాక సిమ్‌లో 25 నిమిషాలు. విజిల్స్ లెక్కపెట్టకు, ఒక్కో కుక్కర్ ఒక్కోలా కూస్తుంది. గడియారం చూసుకో. ఆవిరి దానంతట అది పోనివ్వు. నువ్వు బరువు లేపి ఆవిరి వదిలేస్తే లోపల ఒక్కసారిగా మరిగి పొట్లు చిట్లుతాయి.

మూత తీశాక రెండు గింజలు నాలుక మీద పెట్టుకుని అంగిలికి నొక్కు. పళ్లు పెట్టొద్దు. అక్కడే కరిగిపోవాలి. కరగకపోతే ఇంకో 10 నిమిషాలు. కరిగితే ఉప్పు వేసి, మూత లేకుండా పావుగంట సన్నని మంట మీద ఉడకనివ్వు. ఆ పావుగంటలో నీళ్లు చిక్కబడి గోధుమరంగుకు తిరుగుతాయి. ఆ రసాన్ని చుక్క కూడా పారబోయొద్దు. నీ ముద్ద గట్టిపడడానికి రెండో కారణం ఇదే అయ్యుంటుంది, వట్టి గింజలను వడకట్టి గోలించి ఉంటావు.

ఇప్పుడు మూకుడు. ఇనుప మూకుడు ఉంటే మేలు. నాలుగు పెద్ద చెంచాల పల్లి నూనె కాగనిచ్చి, సగం ఉల్లిగడ్డ సన్నగా తరిగి అందులో వెయ్యి. అంచులు ఎర్రబడి, నడుమ ఇంకా మెత్తగా ఉండేదాకా గోలించు. ఒక ఎండుమిరపకాయను పొయ్యి మంట మీద చిటపటలాడే దాకా కాల్చి, తొడిమె తీసి నలిపి వెయ్యి. నువ్వు చెప్పిన పొగ వాసన దీనితోనే వస్తుంది. అక్కడ ఎండబెట్టి పొగబెట్టిన హలపేన్యో మిరపకాయ వేస్తారు, దానికి మనకు ఇది దగ్గర.

గింజలను ఒకేసారి గుమ్మరించకు. ఒక గంటెడు గింజ, దాంతోపాటే ఒక గంటెడు రసం. సుయ్యిమని చప్పుడొస్తుంది, వెంటనే పప్పుగుత్తితో మూకుడు అడుగుకేసి మెదుపు. ఆ నూనె గింజలోకి పోయిందాకా ఆగి ఇంకో గంటెడు. ఇట్లా అయిపోయేదాకా. పూర్తిగా నలగాల్సిన పని లేదు, పదింట ఒక గింజ సగం సగంగా తగిలితేనే తినబుద్ధవుతుంది. మంట మధ్యస్థంగా ఉంచి కలుపుతూ ఉండు. మొదట్లో గంటెతో గీత గీస్తే వెంటనే మూసుకుంటుంది. కాసేపటికి గీత వెనక మూకుడు అడుగు కనబడి, మెల్లగా, రెండు మూడు క్షణాల తర్వాత కలుసుకుంటుంది. అంచుల్లో నూనె సన్నగా మెరుస్తుంది. అక్కడ దించెయ్. నీకు అప్పుడు పలచగా అనిపిస్తుంది, ఇంకొంచెం ఉంచుదామనిపిస్తుంది, ఉంచకు. గింజలోని పిండి చల్లారేకొద్దీ బిగుస్తుంది. ఐదు నిమిషాల్లో నీకు కావలసిన ముద్ద అదే అవుతుంది. జొన్నరొట్టెకైతే ఇంకాస్త పలచనే ఉంచు, రొట్టె పొడిగా ఉంటుంది కాబట్టి తడి లాగుతుంది.

పంది కొవ్వు గురించి అమ్మకు ఇది చదివి వినిపించు. మెక్సికోవాళ్లు వేల ఏళ్ల నుంచి ఈ గింజలు తింటున్నారు గానీ, స్పెయిన్‌వాళ్లు 1519లో దండెత్తి వచ్చేదాకా ఆ దేశంలో మనమెరిగిన పంది అన్నదే లేదు. అంతకుముందు వాళ్లు బీన్స్‌ను ఉడకబెట్టుకునే తిన్నారు. కొవ్వు తర్వాత వచ్చి చేరింది. ఇప్పుడు నూనెతో చేసుకునే ఇళ్లు అక్కడా ఎన్నో ఉన్నాయి. పల్లి నూనె, దించే ముందు ఒక చెంచా నెయ్యి, ఈ రెండూ కలిస్తే కమ్మదనానికి లోటుండదు. పల్లీ అయినా, మన కూరల్లో మిరపకాయ అయినా, టమాట అయినా ఆ అమెరికా ఖండాల నుంచి వచ్చినవే కదా, వాళ్ల గింజకు మన నూనె కుదరకపోవడమేముంది.

కల్వకుర్తి_క్యాంటీన్

అక్క చెప్పింది బాగుంది గానీ అందులో మసాలా ఏది? నేను క్యాంటీన్ నడుపుతాను, రాజ్మా వండని వారం ఉండదు. పోపులో జిలకర, అల్లం ఎల్లిగడ్డ ముద్ద, రెండు టమాటలు, ధనియాల పొడి, చివర్లో గరం మసాలా వేస్తేనే మనవాళ్ల నాలుకకు ఎక్కుతుంది. వట్టి ఉల్లిగడ్డ, ఉప్పుతో గింజ మెదిపి పెడితే నా దగ్గర ప్లేటు వెనక్కొస్తుంది. తమ్ముడికి నా సలహా, ఉడికించేది అక్క చెప్పినట్టు చెయ్, పోపు మనది పెట్టు.

నల్లగొండ_వంటిల్లు

అన్నా, మీ అనుభవాన్ని కాదనను, మీరు చెప్పిన రాజ్మా నాకూ ఇష్టమే. కానీ తమ్ముడు అడిగిన రుచి అది కాదు. అతనికి నచ్చింది గింజ రుచి. గరం మసాలా పడిందంటే అది రాజ్మా మసాలా అవుతుంది, మెత్తగా మెదిపిన రాజ్మా మసాలా. జిలకర మాత్రం చిటికెడు వేసుకోవచ్చు, సరిహద్దు ఇవతల టెక్సాస్ హోటళ్లల్లో వేస్తారు, బురిటోలో తను తిన్నది ఆ పద్ధతిదే అయ్యుండొచ్చు. మా పక్కింటావిడ వేసేది కాదు. అల్లం, ధనియాల పొడి వద్దేవద్దు.

కారం కావాలంటే పక్కన పెట్టుకోవాలి. టమాట, పచ్చిమిరపకాయ, ఉల్లిగడ్డ మూడూ పెనం మీద మచ్చలు పడేదాకా కాల్చి, ఉప్పు వేసి రోట్లో కచ్చాపచ్చాగా దంచి, కొత్తిమీర, నిమ్మరసం కలిపితే అక్కడి వాళ్ల సల్సా అయినట్టే. మన రోటి పచ్చడే అది, చింతపండు ఒక్కటి లేదు. కారం, పులుపు అందులో ఉంటాయి, కమ్మదనం బీన్స్‌లో ఉంటుంది. రెండూ ఒకే గిన్నెలో కలిపేస్తే దేని రుచీ తెలియదు. క్యాంటీన్‌లో కూడా ఒకసారి ఇట్లా విడివిడిగా పెట్టి చూడండి అన్నా.

పాలమూరు_సిస్టర్

నేను స్టాఫ్ నర్సుని, మహబూబ్‌నగర్. వంట జోలికి పోను గానీ ఒక జాగ్రత్త చెప్పాలి. తమ్ముడు "నడుమ పలుకు" అన్నాడు కదా, అట్లాంటి గింజ దయచేసి తినొద్దు.

పచ్చి రాజ్మాలో ఫైటోహీమాగ్లుటినిన్ అనే విషపదార్థం ఉంటుంది. ఎర్ర రాజ్మాలో అన్నిటికన్నా ఎక్కువ. నాలుగైదు పచ్చి గింజలు తిన్నా చాలు, ఒకటి నుంచి మూడు గంటల్లో విపరీతమైన వాంతులు, తర్వాత విరేచనాలు పట్టుకుంటాయి. బాగా మరిగిస్తే అది పూర్తిగా విరిగిపోతుంది. కనీసం 5 గంటలు నానబెట్టాలి, ఆ నీళ్లు పారబోయాలి, కొత్త నీళ్లల్లో కళపెళ మరిగించాలి. 100 డిగ్రీల దగ్గర 10 నిమిషాలకు విషం పోతుంది గానీ అమెరికా ఆహార, ఔషధ నియంత్రణ సంస్థ 30 నిమిషాలు మరిగించమంటుంది. కుక్కర్‌లో వేడి 100 డిగ్రీలు దాటుతుంది కాబట్టి నల్లగొండ అక్క చెప్పిన పద్ధతికి భయం లేదు.

ప్రమాదమంతా సగం వేడిలోనే ఉంది. 80 డిగ్రీల దగ్గర నిదానంగా ఉడికితే గింజ మెత్తగా కనబడుతుంది గానీ విషం పచ్చి గింజలో కన్నా ఎక్కువ పనిచేస్తుంది. ఈ మధ్య ఆన్‌లైన్‌లో కొనే ఎలక్ట్రిక్ స్లో కుక్కర్లు చాలాసార్లు ఆ వేడిలోనే ఉడికిస్తాయి. వాటిల్లో నానబెట్టిన రాజ్మా నేరుగా వేయొద్దు. ముందు పొయ్యి మీద మరిగించాకే వేయాలి. ఇంట్లో చిన్నపిల్లలుంటే నానిన గింజ గిన్నె కూడా అందకుండా పెట్టండి, మెత్తగా ఉంటాయి కదా, శనగల లెక్క నోట్లో వేసుకుంటారు.

వనపర్తి_పల్లీ_రైతు

నమస్తే. తమ్ముడు మన దిక్కు గింజల గురించి అడిగాడు, దానికి ఎవరూ జవాబు రాయలేదు కాబట్టి నేను రాస్తున్నాను. మాది వనపర్తి దగ్గర, యాసంగిలో పల్లి, వానాకాలం కంది, జొన్న. గట్లెంబడి, సాళ్ల నడుమ బొబ్బర్లు, అనుములు చల్లుకోవడం మా తాతల నాటి నుంచి ఉన్నదే. మెక్సికో రైతులు కూడా మక్కజొన్న, బీన్స్, గుమ్మడి మూడూ ఒకే చేనులో వేస్తారు. బీన్స్ తీగ మక్కదంటును పట్టుకుని పాకుతుంది, దాని వేళ్లు భూమికి నత్రజని పట్టిస్తాయి, గుమ్మడి ఆకులు నేలను కప్పి తడి ఆరనీయవు. జొన్నలో అనుము తీగ పాకినట్టే అది. కాబట్టి జొన్నరొట్టెలోకి ఈ గింజ అని నీకు తోచడం సరైన ఆలోచనే తమ్ముడూ.

బొబ్బర్లతో బ్రహ్మాండంగా అవుతుంది. మా ఇంట్లో ఇప్పుడు రాజ్మా మానేసి వాటితోనే చేస్తున్నాం. పొట్టు పలచన, రాజ్మా అంత నానబెట్టాల్సిన అవసరం లేదు, నాలుగైదు గంటలు చాలు. కుక్కర్‌లో సగం సమయానికే ఉడుకుతాయి. రాజ్మా అంత జిగురు రాదు, కొంచెం తియ్యదనం ఉంటుంది, కాబట్టి కాల్చిన ఎండుమిరపకాయ ఒకటి ఎక్కువ వెయ్యి. ఎర్ర బొబ్బర్లు దొరికితే తెల్లవాటికన్నా అవే మంచివి, ముద్దకు రంగొస్తుంది.

ఎండిన అనుములతో పని ఎక్కువ. పొట్టు మందం, కాస్త చేదు కూడా. రాత్రంతా నానబెట్టి, చేత్తో నొక్కితే పప్పు బయటికి జారుతుంది, ఆ పొట్టంతా తీసెయ్యాలి. మొదట మరిగిన నీళ్లు పారబోసి, కొత్త నీళ్లల్లో మళ్లీ ఉడికించాలి. ఇంత చేస్తే మాత్రం వచ్చే ముద్ద నునుపు ఇంకే గింజకూ రాదు. అదే సంక్రాంతి ముందు పచ్చి అనపకాయలు వచ్చినప్పుడైతే ఈ కష్టమేమీ లేదు. పచ్చి గింజలు ఒలిచి, ఉప్పు వేసి ఉడికించి, పల్లి నూనెలో ఉల్లిగడ్డతో మెదిపితే లేత ఆకుపచ్చగా వస్తుంది. మెక్సికోవాళ్లకు అది తెలుసో లేదో గానీ వాళ్లు తిన్నా మెచ్చుకుంటారు.

ఉలవలు మాత్రం ప్రయత్నించకు. పొట్టు నలగదు, ముద్ద కాదు. వాటిని చారుకు వదిలెయ్.

నూనె గురించి ఒక మాట. గానుగ పల్లి నూనె వాడుతున్నావా, ప్యాకెట్ రిఫైన్డ్ నూనెనా చూసుకో. ఈ వంటలో మసాలా లేదు కాబట్టి నూనె వాసన నేరుగా తెలుస్తుంది. గానుగ నూనెకు పల్లీ కమ్మదనం ఉంటుంది, అదే ఇక్కడ కావాల్సింది. కాకపోతే పొగలొచ్చేదాకా కాగబెట్టకు, మాడు వాసన పట్టుకుంటుంది.

జడ్చర్ల_తమ్ముడు

అందరికీ చేతులెత్తి దండం. ఫిల్టర్ నీళ్లతో, ఉప్పులో నానబెట్టి, అక్క చెప్పినట్టు అచ్చంగా చేశాను. అదే దుకాణం, అదే చిత్రా రాజ్మా. గింజ నాలుక మీద కరిగింది! నీళ్లల్లో ఇంత ఉంటుందని నాకు తెలియదు. గంటెడు గంటెడుగా వేసి మెదుపుతుంటే మా అమ్మే పప్పుగుత్తి లాక్కుని "జరుగు, నీకు చేత కాదు" అని తనే మెదిపింది. గీత కలుసుకునేదాకా చూసి దించాం. రొట్టెలో పెట్టి, పైన సల్సా వేసుకుని తిన్నాం. అమ్మ రెండో రొట్టె కూడా దాంతోనే తిన్నది, అంతకన్నా నాకేం కావాలి. కల్వకుర్తి అన్నా, మీ పోపు కూడా ఒక చిన్న గిన్నెలో విడిగా పెట్టి చూశాం. బాగుంది, కానీ బురిటోలో నేను తిన్నది మాత్రం అక్క చెప్పినదే.

ఇంకో రెండు సందేహాలు. నాకు నైట్ షిఫ్ట్ ఉన్నప్పుడు రాత్రి 2 గంటలకు తినడం. సాయంత్రం చేసి డబ్బాలో పెట్టుకుపోతే ఉంటుందా? ఒకేసారి అరకిలో ఉడికించి దాచుకోవచ్చా? పైన చీజ్ లాంటిది చల్లుతారు కదా, అది ఇక్కడ ఏది?

పాలమూరు_సిస్టర్

డబ్బా విషయం నేను చెప్తాను. ఉడికిన గింజలు, ఉడికిన అన్నం ఈ రెండూ గది వేడిలో ఎక్కువసేపు ఉంటే అందులో క్రిములు తొందరగా పెరుగుతాయి, మళ్లీ వేడిచేసినా కొన్ని రకాల విషం పోదు. ఎండాకాలం పాలమూరు వేడి గురించి చెప్పనక్కర్లేదు. వండిన రెండు గంటల్లో ఫ్రిజ్‌లోకి పోవాలి. షిఫ్ట్‌కు తీసుకుపోయేటప్పుడు చల్లగా ఉన్నదే ఐస్ ప్యాక్ పెట్టిన బ్యాగులో పట్టుకుపోయి, క్యాంటీన్ ఫ్రిజ్‌లో పెట్టుకుని, తినే ముందు మైక్రోవేవ్‌లో పొగలొచ్చేదాకా వేడిచెయ్. ఇవేవీ కుదరకపోతే మంచి ఫ్లాస్క్ డబ్బాలో మరుగుతున్న వేడి మీద పోసుకుపో, గోరువెచ్చగా మాత్రం పెట్టుకోకు.

నల్లగొండ_వంటిల్లు

అమ్మకు నా నమస్కారాలు చెప్పు తమ్ముడూ, ఆవిడ పప్పుగుత్తి తీసుకుందంటే నాకు చాలా సంతోషమైంది.

అరకిలో నిక్షేపంగా ఉడికించుకో. కానీ అంతా గోలించి పెట్టకు. ఉడికిన గింజను దాని రసంలోనే, చిన్న చిన్న డబ్బాలుగా విడదీసి చల్లార్చి, ఫ్రిజ్‌లో పెడితే నాలుగు రోజులు, ఫ్రీజర్‌లో అయితే రెండు మూడు నెలలు ఉంటుంది. పెద్ద గిన్నెతో అట్లాగే ఫ్రిజ్‌లో పెడితే నడుమ చల్లారడానికి చాలా సేపు పడుతుంది, సిస్టర్ చెప్పిన రెండు గంటలు దాటిపోతాయి. కావాలనుకున్న పూట ఒక డబ్బా తీసి మూకుట్లో గోలించుకోవడం పది నిమిషాల పని. ముందే గోలించింది మిగిలితే, వేడిచేసేటప్పుడు ముద్ద మీద వేడినీళ్లు రెండు చెంచాలు చల్లి మూత పెట్టు, తర్వాత కలుపు. పొడిగానే కలపబోతే ఉండలు కడుతుంది.

పైన చల్లేది అక్కడ తెల్లటి, పొడిపొడిగా రాలే తాజా చీజ్. కరగదు, కొంచెం ఉప్పగా ఉంటుంది. మనకు పనీరే దానికి దగ్గర. అర లీటరు పాలు నిమ్మరసంతో విరగ్గొట్టి, బట్టలో కట్టి, చన్నీళ్లతో ఒకసారి కడిగి, గట్టిగా పిండి, పావు చెంచా ఉప్పు కలిపి చేత్తో నలుపు. ఒక గంట ఫ్రిజ్‌లో ఉంటే పొడిగా రాలుతుంది. బురిటోలో వేసే సాగే చీజ్ దీని మీద వద్దు, బీన్స్ కమ్మదనం దాని కింద పోతుంది.

వనపర్తి అన్నా, మీ పచ్చి అనపగింజల ముద్ద మాత్రం ఈసారి సంక్రాంతికి మా ఇంట్లో తప్పక చేస్తాను. నూనె వేసే ముందు గింజ పైన ఉండే ఆ సన్నటి తోలు తీయాలా, లేత గింజకు అవసరం లేదా, అది ఒక్కటి చెప్పండి.

వనపర్తి_పల్లీ_రైతు

లేత గింజకు అవసరం లేదమ్మా. గోరుతో నొక్కితే రసం వచ్చేటట్టుంటే తోలుతోనే మెదుపు. గింజ ముదిరి తోలు తెల్లబడితే మాత్రం తీసెయ్యి.